కడుపులో పాలు విరిగితే భయమెందుకు?

పసిబిడ్డ పాలు త్రాగిన కాసేపటికి పెరుగు తరకలవలె కక్కుతాడు. “పాలు విరిగిపోయాయి, తల్లిపాలు పడడం లేదు” అని ఇంట్లో పెద్దలు తీర్మానించి, చనుబాలు మాన్పించి డబ్బాపాలు పట్టిస్తారు. ఇట్టి తల్లులు నా వద్దకు నేటికీ వస్తున్నారు. కడుపులో పాలు విరగడం వ్యాధి కాదు, జీర్ణక్రియకు తొలిమెట్టు.

కాగిన పాలలో నిమ్మరసం పిండితే జరిగేదే ఇంచుమించు జఠరంలోనూ జరుగుతుంది. జఠరరసంలోని ఆమ్లం, పెప్సిన్ అనే పాచకద్రవ్యం కలిసి పాలలోని కేసిన్ అనే మాంసకృత్తును గడ్డకట్టిస్తాయి. తేట త్వరగా ప్రేగులలోకి జారుతుంది. గడ్డ నిలిచి మెల్లగా కరుగుతుంది. ఆవుపాల మాంసకృత్తులలో సుమారు 80 శాతం కేసినే. తల్లిపాలలో అది సగానికి మించదు గనుక తరకలు మెత్తగా ఉండి శిశువుకు సులువుగా అరుగుతాయి. ఏడాది నిండని బిడ్డకు ఆవుపాలు ప్రధానాహారం కారాదనుటకు ఇదీ ఒక కారణం.

పచ్చిపాలు బరువనీ, తగురీతిన కాచినవి తేలికనీ వాగ్భటుడు అష్టాంగహృదయంలో చెప్పాడు. కాచిన పాలు మెత్తని తరకలుగా విరుగుతాయని ఆధునికులూ అంగీకరిస్తున్నారు. పాలతో పులుపు విరుద్ధాహారమని చరకుడన్నది నిజమే, నేనూ పాటిస్తాను. కాని “కడుపులో పాలు విరుగుతాయి గనుక” అని దానికి కొందరు చెప్పే కారణం నాకు సమ్మతం కాదు. పులుపు తినకున్నా విరుగుతాయి కదా!

పాలు త్రాగిన పెద్దలకు కడుపుబ్బరం, విరేచనాలు కలిగితే చాలాసార్లు ఆ నేరం పాలచక్కెరది. దానిని విడగొట్టే లాక్టేజ్ చిన్నప్రేగులలో వయసుతో తగ్గడం మన దేశంలో చాలామందికి సహజమే. తోడులోని సూక్ష్మజీవులు ఆ చక్కెరను కొంత ముందే హరిస్తాయి గనుక వారికి మజ్జిగ హితవు. కేవలం అగ్నిమాంద్యం గల పెద్దలకు క్షీరపాకం మేలు: శొంఠి 1 భాగం, పాలు 8, నీరు 32 భాగాలు కలిపి, నీరంతా ఇగిరి పాలు మిగిలేవరకు సన్నని సెగపై కాచి, వడగట్టి త్రాగాలి. పాలచక్కెర పడనివారికి మాత్రం శొంఠి లాక్టేజ్‌ను సమకూర్చలేదు.

మళ్ళీ పసివారి మాట. బిడ్డ బరువు పెరుగుతూ, హుషారుగా ఉంటే కక్కిన తరకలను తుడిచి, భుజాన వేసుకుని వీపు నిమిరి, తిరిగి చన్నివ్వండి. శొంఠి, ఇంగువ, వస ఏవీ నాకించకండి. ఆకుపచ్చని పసరుగాని నెత్తురుగాని వాంతిలో కనిపించినా, పాలు దూరంగా ఎగజిమ్మినా, మూత్రం తగ్గినా, బరువు పెరగకున్నా ఇంటివైద్యంతో కాలహరణం చేయక వెంటనే పిల్లల వైద్యుని వద్దకు తీసుకుపోండి.