తెలుగు లిపికూర్పు – ఉమ్మడి లైబ్రరీ ఫైళ్లు

సిద్ధాంతవ్యాసమును కంప్యూటరుపై కూర్చు పరిశోధకునకు ఒక్కొక్కప్పుడొక వింత ఎదురగును. అదే పత్రము, అదే ప్రోగ్రాము, అదే ఫాంటు. అయినను ఒక యంత్రమున సరిగా నున్న వత్తు వేఱొక యంత్రమున విడివడును, పంక్తులు మాఱును, పుటసంఖ్యలు జరుగును. దోషము ఫాంటునదని పలువురు తలంతురు. ఫాంటునకును ప్రోగ్రామునకును నడుమ కనబడక పనిచేయు ఉమ్మడి లైబ్రరీ ఫైలును గూర్చి యోచించువారు తక్కువ. దానినే ఇచ్చట వివరింపదలచితిమి.

లైబ్రరీ యన నిచ్చట గ్రంథాలయము కాదు. పలు ప్రోగ్రాములకు సామాన్యముగా కావలసిన పనుల ఆదేశములను ఒక్కచోట కూర్చిన ఫైలు. ఆ ఆదేశములను ప్రతి ప్రోగ్రాములోను కలిపివేయుట ఒక పద్ధతి. ఉమ్మడి పద్ధతిలో నొక్క ప్రతియే డిస్కుపై నుండును. ప్రోగ్రాము నడుచువేళ ఆపరేటింగ్ సిస్టము దానిని జతపఱచును. విండోసున నిట్టి ఫైళ్ల పేరు చివర డి.ఎల్.ఎల్. అనియు, లినక్సున ఎస్.ఓ. అనియు నుండును.

మన లిపిస్వభావమునుబట్టి తెలుగున కీ యేర్పాటు మిక్కిలి ముఖ్యమైనది. 'స్త్రీ' అను నక్షరము పత్రములో ఆఱు సంకేతములుగా నుండును: సకారము, పొల్లు, తకారము, పొల్లు, రేఫము, గుడిదీర్ఘము. వీనిలో ఆధారమైన హల్లేది, వత్తులు కావలసినవేవి, గుడిదీర్ఘము దేనితో కలియవలెను అని తేల్చుట లైబ్రరీ పని. తెలుగున మొదటి హల్లే ఆధారము గనుక, ఉచ్చారణమున తుదిదైన గుడిదీర్ఘము సకారముపై నెక్కును. దేవనాగరిలో సామాన్యముగా తుదిహల్లు ఆధారము. ఈ భేదము నెఱుగని లైబ్రరీ చేత చిక్కినచో నెంత చక్కని ఫాంటైనను నిష్ప్రయోజనము.

విండోసున నీ పనిని చిరకాలము యూనిస్క్రైబు నిర్వహించినది. 2001 నాటి విండోస్ ఎక్స్.పి.తో, గౌతమి ఫాంటు తోడుగా, దానికి తెలుగు పట్టువడినది. స్వేచ్ఛాసాఫ్టువేరున హార్ఫ్‌బజ్ ప్రసిద్ధము. లిబ్రెఆఫీసు పూర్వము విండోసున నొక లైబ్రరీని, మాకింటాషున వేఱొకదానిని, లినక్సున మఱొకదానిని ఆశ్రయించెడిది. 2017లో వెలువడిన 5.3వ రూపముతో అన్నిచోట్లను హార్ఫ్‌బజ్‌నే గ్రహించినది. అయినను చిక్కు పూర్తిగా తొలగలేదు. విండోసున నది తన ప్రతిని తానే వెంట తెచ్చుకొనును; లినక్సున తఱచుగా సిస్టములోని ఉమ్మడిప్రతిని వాడును. ఆ ప్రతి పాతదైనచో ప్రోగ్రాము క్రొత్తదైనను ఫలము పాతదే.

ఉమ్మడితనమునకుగల మఱొక ముఖము 2018 ఫిబ్రవరిలో తెలుగు మూలముననే లోకమునకు తెలియవచ్చినది. 'జ్ఞా' అను నక్షరమున ఞకారమునకును దీర్ఘమునకును నడుమ, కలయికను వారించు అదృశ్యసంకేత మొకటి చేరిన సందేశమును చూపబోయి ఐఫోనులలోని ప్రోగ్రాములు కూలినవి. అవి దేనికది చెడలేదు. అవి యాశ్రయించిన కోర్‌టెక్స్ట్ అను లైబ్రరీలో దోషముండెను. కావుననే ఫిబ్రవరి 19న వచ్చిన 11.2.6 సవరణతో, ఆ ప్రోగ్రాములను తిరిగి వ్రాయకయే, చిక్కు తీఱినది. దీనిని 'తెలుగక్షరపు దోషము' అని లోకము వ్యవహరించినది. ఆ వ్యవహారము మాకు సమ్మతము కాదు. అక్షరము నిర్దుష్టము, దానిని కూర్చు లెక్కలోనే లోపము.

ప్రాచీనపాఠములను పరిష్కరించువారికి ఇందొక ప్రత్యేకాంశము కలదు. 2021 నాటి యూనికోడు 14వ కూర్పున నకారపొల్లును, నుక్తాబిందువును తెలుగు భాగమున చేర్చిరి. పాత వ్రాతప్రతులను యథాతథముగా ప్రకటించుటకు నకారపొల్లు మిక్కిలి ఉపకరించును. కాని అంతకు పూర్వపు లైబ్రరీకి ఈ సంకేతముల స్వభావము తెలియదు. నుక్తాబిందువు హల్లుతో కలియవలసిన చిహ్నమని యెఱుగక దానిని విడిగా నిలుపుట సంభవించును. చూచువా రది పరిష్కర్త ప్రమాదమని భావింపవచ్చును.

కావున పాఠమును సమర్పించునపుడు ఫాంటు పేరుతోబాటు ప్రోగ్రాము, లైబ్రరీల సంఖ్యలను పీఠికలో తెలుపుట మేలు. పుటసంఖ్యలు స్థిరముగా నుండుటకు పి.డి.ఎఫ్. ప్రతిని జతపఱుపవలెను. అందు అక్షరముల రూపము చెడదు గాని, పాఠమును వెలికిదీయునపుడు సంకేతక్రమము తాఱుమాఱు కావచ్చును. అందుచే మూలపత్రమును కూడ భద్రపఱుపవలెను.