కుందేటి తోక

కుందేలును గూర్చి మన భాషలో మాటలకు కొదువ లేదు. పట్టిన పట్టు విడువని మొండివానిని చూచి, తాను పట్టిన కుందేటికి మూడే కాళ్ళనువాడని నవ్వుకొందుము. ఎచ్చటను లేని వస్తువునకు ఉదాహరణము కావలసినప్పుడు కుందేటి కొమ్మును తెత్తుము. చంద్రునిలోని మచ్చ కుందేలని తలచి పూర్వులు ఆయనను శశాంకుడనిరి. రాయలసీమ పల్లెలలో దాని చెవులను చూచియే చెవులపిల్లి యని పేరు పెట్టిరి. కాళ్ళను, చెవులను, తుదకు లేని కొమ్మును సైతము తలచుకొన్న మనము దాని తోకను మాత్రము తలచినట్లు కనబడదు.

ఆళ్ళగడ్డ రాతిశిల్పమునకు పేరుపొందిన ఊరు. అచ్చట ఒక శిల్పి ఏదో తోటలో నిలుపుటకై రాతికుందేలును చెక్కుచుండగా మేము కొంతసేపు నిలిచి చూచితిమి. "చెవులు సన్నంగా తీసేదే కష్టం సార్. తోకదేముంది, వెనక ఒక ఉండ విడిస్తే చాలు" అని ఆయన నవ్వెను. మేమును నవ్వితిమి. ఆ ఉండను గూర్చియే ఈ ప్రసంగము.

నిజమునకు కుందేటి తోక ఉండ కాదు. కుందేలు తన తోకను పైకి మడచి పిరుదులకు ఆనించి ఉంచును. ఒత్తైన రోమములు దానిని కప్పుటచే మనకు దూదిపింజవలె కనబడును. మెల్లగా సాచి చూచినచో పెంపుడు కుందేటి తోక మన వ్రేలంత పొడవుండును. ఆకారమున చెంచా వంటిది: మొదట వెడల్పు, చివర సన్నము. పైభాగము ఒంటిరంగుననే ఉండును. అడుగుభాగము సాధారణముగా తెలుపు.

ఆ తోకలో ఎముకలు కలవు. కుందేటి వెన్నెముకలో మెడయందు 7, ఱొమ్మునందు 12, నడుమునందు 7 పూసలుండును. వాని వెనుక కటిభాగమున 4 పూసలు ఒక్కటిగా అతుకుకొని యుండును. ఆపైన సుమారు 16 చిన్నపూసలు గొలుసువలె కూడి తోకయైనవి. కావున తోక ఒంటికి అతికించిన అలంకారము కాదు. అది వెన్నెముక యొక్క కొస. వెన్నుపాము చివరనుండి వెలువడు నరములే తోకకును, మూత్రాశయమునకును, మలద్వారమునకును పోవుచున్నవి. తోక వ్రేలాడి, వెనుకకాళ్ళు ఈడ్చుచు, మూత్రముతో వెనుకభాగము తడిసియున్న కుందేలు కనబడినచో దెబ్బ తగిలినది తోకకే యని భావింపరాదు, నడుము విరిగియుండవచ్చును.

నడుము విరుగుట కుందేటి విషయమున అరుదైన సంగతి కాదు. దాని ఎముకలన్నియు కలిపి శరీరపు బరువులో నూటికి ఏడెనిమిది వంతులు మాత్రమే. తేలికయైన ఎముకలు, బలమైన తొడలు. చెవులు పట్టి ఎత్తినప్పుడు అది భయపడి గాలిలో తన్నుకొనును. ఆ తన్నుకే దాని నడుము విరుగును. తోక పట్టి ఎత్తుట అంతకంటె ప్రమాదము. చర్మము ఊడి చేతికి వచ్చుటయు కలదు. ఒక చేయి ఱొమ్ము క్రింద, రెండవ చేయి పిరుదుల క్రింద ఉంచి ఎత్తుటయే తగిన పద్ధతి.

ఇక తోకను జూచి జాతిని తెలిసికొనుట ఒకటి కలదు. నంద్యాలనుండి ఆళ్ళగడ్డకు సుమారు 40 కిలోమీటర్ల దారి. కుందూనది లోయలోని నల్లరేగడి నేలలు, జొన్న, శనగ, ప్రత్తి చేలు, తూర్పున నల్లమల కొండలు ఆ ప్రాంతపు రూపురేఖలు. సంజవేళ ఆ చేలగట్లపై అడవికుందేలు కనబడుట కలదు. దాని మెడవెనుక నల్లని మచ్చ యుండును. తోక పైభాగమును నలుపే, అడుగు తెలుపు. దక్షిణ భారతపు కుందేటికి ఇది గుర్తు. ఉత్తర భారతమున ఇదే జాతికి చెందిన మరియొక తెగకు తోకపైన ఎఱుపు కలసిన గోధుమరంగు. శాస్త్రజ్ఞులు మొదటిదానికి నల్లమెడను బట్టియు, రెండవదానికి ఎఱ్ఱతోకను బట్టియు పేళ్ళు పెట్టిరి.

మన ఇండ్లలో పెరుగు తెల్లకుందేలునకును ఈ చెవులపిల్లికిని పోలికయే కాని రక్తసంబంధము దగ్గరిది కాదు. పెంపుడు కుందేలు స్పెయిను, పోర్చుగల్ ప్రాంతపు బొరియకుందేటి సంతతి. దాని పిల్లలు రోమములు లేక, కన్నులు తెరువక బొరియలో పుట్టును. చేలకుందేలు బొరియ త్రవ్వదు. గడ్డిలో పడక చేసికొనును. దాని పిల్లలు రోమములతో, తెరచిన కన్నులతో పుట్టును. ఈ రెండింటికిని సంకరసంతానము కలుగదు.

పరుగెత్తునప్పుడు ఆ తోక ఎత్తిన క్షణమున అడుగునున్న తెలుపు తళుక్కున మెరయును. ప్రాణము దక్కించుకొనవలసిన జంతువు తెల్లగుడ్డ చూపుచు పరుగెత్తుట ఏమి వింత! నిన్ను చూచితినని వేటగానికి తెలుపుటకే యని కొందరందురు. 2013లో జర్మనీ దేశపు గెట్టింగెన్ విశ్వవిద్యాలయ పరిశోధకు డొకరు వేరొక సమాధానము చెప్పిరి. తరుము జంతువు దృష్టి మొత్తము శరీరముపై గాక ఆ తెల్లమచ్చపై నిలుచును. కుందేలు చటుక్కున ప్రక్కకు తిరిగినంతనే మచ్చ మాయమగును. తరుమునది మరల గురి కుదుర్చుకొనునంతలో కుందేటికి ఒకటి రెండు క్షణములు చిక్కును. చేలలో బ్రతుకు ఆ క్షణములపైననే ఆధారపడియున్నది.

ఇంటికుందేటిని తరుము నక్క లేదు. కాని ఆ తోకయే దాని ప్రాణమును కాపాడవలసిన సందర్భము లింటిలోను కలుగును. ఈ సంగతి మేము నంద్యాలలో, మా మిత్రుల ఇంట, ఆలస్యముగా తెలిసికొంటిమి.

వారి పదేండ్ల అమ్మాయి ఒక తెల్లకుందేలును పెంచుచుండెను. దాని పేరు మల్లి. నానబెట్టిన శనగలు, బిస్కత్తులు, కారెట్ ముక్కలు దానికి నిత్యభోజనము. అది గుండ్రముగా బలిసినది. వచ్చిన అతిథులందరు బంతివలె నున్నదని మెచ్చుకొనెడివారు. మేమును మెచ్చుకొని బిస్కత్తు పెట్టినవారమే. ఒకసారి పోయినప్పుడు దాని తోక పసుపుపచ్చగా అట్టకట్టియుండుట చూచి, "గూడు కడగలేదా అమ్మా?" అని అమ్మాయిని ఆక్షేపించి ఊరకుంటిమి. అవి తొలకరి దినములు. మూడవనాడు మల్లి లేవలేదు, గడ్డి ముట్టలేదు. దుర్వాసన వచ్చుచుండెను. పశువైద్యుడు వచ్చి దానిని తిప్పి, తోక ఎత్తిచూపెను. క్రింద చర్మమంతయు పురుగు పట్టియుండెను. "ఈ తోక ఎత్తి చూసి ఎన్నాళ్ళయిందమ్మా?" అని ఆయన మెల్లగా అడిగెను. అమ్మాయి పలుకలేదు, పెద్దలమైన మేమును పలుకలేదు. ఆ రాత్రియే మల్లి పోయినది.

కారణమును ఆయన చెప్పిన పిమ్మట కుందేటి శరీరమునంతటిని ఆ తోక యొద్దనుండియే చదువవచ్చునని మాకు బోధపడినది.

కుందేలు రెండు విధముల మలమును విసర్జించును. ఒకటి మనము గూటిలో చూచు గట్టి గుండ్రని గుళికలు. అవి జీర్ణము కాని పీచు. రెండవది మెత్తగా, ద్రాక్షగుత్తివలె కూడియుండు చిన్న గుళికలు. పెద్దదియైన అంధనాళములో సూక్ష్మజీవులు ఆహారమును పులియబెట్టగా ఇవి తయారగును. మాంసకృత్తులు, బి వర్గపు విటమినులు వీనిలో సమృద్ధిగా నుండును. కుందేలు విశ్రాంతివేళ వెనుకకు వంగి ఈ మెత్తని గుళికలను మలద్వారమునుండియే నోటితో తీసికొని మ్రింగును. ఇది రోగము కాదు, దురలవాటు కాదు. ఆవు నెమరువేయుట వంటిదే. కావున ఆరోగ్యముగల కుందేటికి ఈ గుళికలు తోకకు అంటుట కలుగరాదు.

అంటినవనిన నాలుగు విషయములలో ఒకటి చెడినదని అర్థము. మొదటిది ఆహారము: పీచు తక్కువై, గింజలు, తీపి పదార్థములు ఎక్కువైనప్పుడు గుళికలు జిగటగా, అధికముగా తయారగును, కుందేలు వానినన్నిటిని తినజాలదు. రెండవది బరువు: బలిసిన కుందేలు వెనుకకు వంగజాలదు. మూడవది కీళ్ళు, నడుము: ముసలి కుందేటికి వంగుట బాధ. నాలుగవది దంతములు. కుందేటికి 28 పండ్లు. అవి జీవితాంతము పెరుగుచునే యుండును. గడ్డి నమిలి అరుగనిచో అవి వంకరలు పోయి నాలుకను, బుగ్గలను గాయపరచును. నోరు నొచ్చు కుందేలు ఒంటిని శుభ్రపరచుకొనదు. ఆ విధముగా నోటిలోని దోషము తోకపై వెల్లడి యగును.

మలినము గట్టిపడక నీళ్ళవలె నున్నచో అది మరింత ప్రమాదము. పాలు మరచిన చిన్నపిల్లలలో కాక్సీడియా యను సూక్ష్మపరాన్నజీవి ఇట్టి విరేచనములు కలిగించి గూడు గూడంతటిని తుడిచిపెట్టగలదు. తోకయు తొడలును మూత్రముతో తడిసి చర్మము ఎఱ్ఱబడుట మూత్రాశయ వ్యాధికి గుర్తు కావచ్చును. కుందేలు ఆహారములోని అధిక సున్నమును మూత్రము ద్వారా విసర్జించును. అందుచే మూత్రము కొంత తెల్లగా నుండుట సహజమే. కాని సున్నపుతేటవలె చిక్కబడినచో వైద్యునికి చూపవలెను. తోక మొదట పొట్టువలె చుండు రాలుచున్నచో అది పిడుదుపురుగుల జాతికి చెందిన సూక్ష్మకీటకముల పని కావచ్చును.

అన్నిటికంటె వేగముగా ప్రాణము తీయునది మల్లిని తీసినదియే. మురికిపడిన తోకయొద్ద పచ్చగా మెరయు ఈగలు గ్రుడ్లు పెట్టును. అవి ఒక దినములోపలనే పిల్లలగును. ఆ పురుగులు జీవించియున్న చర్మమునే తినును. కుందేలు అరువదు, మొరగదు. మూలకు పోయి కదలక కూర్చుండును. అందుచే తోక ఎత్తి చూచువారే దానికి దిక్కు.

కుందేళ్ళు పెంచు గృహస్థులు చేయవలసినది కష్టమైన పని కాదు. దినమున కొకసారి, వానకాలమున రెండుసార్లు, తోక ఎత్తి చూడవలెను. మలినమున్నచో గోరువెచ్చని నీటిలో తడిపిన గుడ్డతో తుడిచి, బాగుగ ఆరనీయవలెను. కుందేటికి స్నానము చేయింపరాదు. ఆ భయమునకే అది చనిపోవచ్చును. పురుగు కనబడినచో గంటలు లెక్కింపక వెంటనే పశువైద్యశాలకు తీసికొనిపోవలెను. కుక్కలకు పూయు గోమారిమందులలో కొన్ని కుందేటికి విషము. మన ఇంటనున్న అమాక్సిసిలిన్ వంటి మాత్రలు నోట వేసినచో అంధనాళములోని మేలుచేయు సూక్ష్మజీవులు నశించి కుందేలు మరణించును.

ఆహారములో అధికభాగము గడ్డియే కావలెను. నంద్యాల, ఆళ్ళగడ్డ ప్రాంతములలో గరికకు కొదువ లేదు. ఎండిన జొన్నచొప్పయు పనికివచ్చును. నీటియెద్దడికి లోనైన లేతజొన్నలో నామువిషముండునని రైతులెరుగుదురు. దానిని కుందేటికిని పెట్టరాదు. బూజుపట్టిన వేరుశనగ తెలగపిండి అంతకంటె హాని. శనగలు, బిస్కత్తులు పిల్లల చేతినుండి తప్పించుట మంచిది. మే నెల ఎండలలో గూటిని నీడలో నుంచి, నీరు ఎల్లప్పుడు అందుబాటులో నుంచవలెను. ఎండదెబ్బకు సొమ్మసిల్లిన కుందేలు తన మలినముమీదనే పడియుండును. ఈగలకు అదియే అదను.

మరియొక మాట. చేలలో ఒంటరిగా పడియున్న చెవులపిల్లి కూనను చూచి తల్లి లేనిదని ఇంటికి తెచ్చువారు కలరు. తల్లి పగలు దూరముననే యుండి, చీకటిపడు వేళ వచ్చి పాలిచ్చి పోవును. కూన తోకపైన నలుపున్నచో అది చేలబిడ్డయే. ఇంటి గూటిలో అది సాధారణముగా బ్రతుకదు. పైగా 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము ననుసరించి అడవికుందేలును పట్టుట నేరము. దానిని ఉన్నచోటనే విడిచిపోవుటయే దయ.

మా మిత్రుల ఇంట నేడు మరియొక కుందేలు పెరుగుచున్నది. అది మల్లివలె గుండ్రముగా లేదు. అతిథులు మెచ్చుకొనుటయు లేదు. ఉదయము బడికి పోవుటకు ముందు అమ్మాయి దానిని ఒడిలో కూర్చుండబెట్టుకొని తోక ఎత్తి చూచి, తెల్లగా నున్నదని తల్లికి చెప్పి పోవును. మేము పోయినప్పుడు బిస్కత్తు తీసికొనిపోవుట మానితిమి. దారిలో దొరకిన గరిక నాలుగు పోచలు తీసికొనిపోవుచున్నాము.