శబ్దం నేర్పిన కత్తెర

ఎడిటింగ్ అంటే బొమ్మలు అతికే పని అనుకుంటారు చాలామంది. సౌండ్ గదిలో ఓనమాలు దిద్దుకున్నవాళ్ల సంగతులు వింటే ఆ మాట అనరు.

 

• ‘శంకరాభరణం’ (1980) తీసిన కె.విశ్వనాథ్ కెరీర్ మొదలైంది మద్రాసు వాహినీ స్టూడియో సౌండ్ విభాగంలో. దర్శకుడయ్యాక ఆయన తీసిన ‘సిరివెన్నెల’ (1986)లో కథానాయకుడు చూపులేని వేణుగాన విద్వాంసుడు. లోకాన్ని చెవులతోనే తెలుసుకుంటాడు.

• సౌండ్‌తో మొదలుపెట్టి ఎడిటర్‌గా శిఖరాలందుకున్న వ్యక్తి అమెరికాకు చెందిన వాల్టర్ మర్చ్. ‘ది గాడ్‌ఫాదర్’ (1972) హోటల్ సీను గుర్తుందా? కథానాయకుడు మైకేల్ తుపాకీ పేల్చబోయే ముందు రైలు చక్రాల కీచుమోత అంతకంతకూ పెరుగుతుంది. తెరమీద రైలు ఎక్కడా ఉండదు. ఆ మోత మైకేల్ మనసులోది. అది మర్చ్ ఆలోచన.

• ‘ది కాన్వర్సేషన్’ (1974)తో మర్చ్ కత్తెర పట్టారు. ఇతరుల మాటల్ని రహస్యంగా రికార్డు చేసేవాడే అందులో హీరో. తాను కట్ చేయాలనుకున్న చోటికి దగ్గర్లోనే నటుడు జీన్ హాక్‌మన్ కనురెప్ప వేస్తున్నాడని మర్చ్ కనిపెట్టింది ఆ సినిమా ఎడిటింగ్‌లోనే. ఒక ఆలోచన ముగిసినచోట రెప్ప పడుతుందన్నది ఆయన సిద్ధాంతం.

• ‘అపోకలిప్స్ నౌ’ (1979)కి ఎడిటర్లలో ఒకరిగా పనిచేస్తూనే సౌండ్‌కి ఆస్కార్ గెలిచారు. టైటిల్స్‌లో ‘సౌండ్ డిజైనర్’ అన్న హోదా దక్కింది ఆ సినిమాతోనే.

• ‘ది ఇంగ్లిష్ పేషెంట్’ (1996)కి ఎడిటింగ్, సౌండ్ రెండు ఆస్కార్లూ మర్చ్‌కే. కంప్యూటర్ మీద కూర్చిన సినిమాకి ఎడిటింగ్ ఆస్కార్ రావడం అదే మొదలు.

• మర్చ్ నిలబడే ఎడిట్ చేస్తారు. తొలి కూర్పు వేసేటప్పుడు మాత్రం సౌండ్ పూర్తిగా ఆపేస్తారు. మంచి కట్‌కి ఆయన వేసే మార్కుల్లో 51 శాతం భావోద్వేగానికే.

ఏలూరు, తాడేపల్లిగూడెంలలో ఫోన్‌తో షార్ట్‌ఫిల్మ్‌లు తీస్తున్న కుర్రాళ్లూ, అమ్మాయిలూ! కెమెరా మీద పెట్టే శ్రద్ధలో సగమైనా సౌండ్ మీద పెట్టండి. ఎక్కడ కోయాలో మీ చెవే చెబుతుంది.