ఒక సంతకం విలువ



సినిమా నటుడంటే మనకు కటౌట్లు, పాలాభిషేకాలు గుర్తొస్తాయి. పెట్టిన సంతకాన్ని వెనక్కి తీసుకోనందుకు కొన్నేళ్లపాటు సినిమాలకే దూరమైన నటుడు ఒకరున్నారు. ఆయన పేరు రుడాల్ఫ్ హ్రుషిన్‌స్కీ. దేశం అప్పటి చెకొస్లొవేకియా. ఈ సంచికలో ఆయన గురించి చెప్పాలనుకున్నాం.

ఆయన 1920 అక్టోబరు 17న నటుల కుటుంబంలో పుట్టారు. మన సురభి వారి పిల్లల్లాగే ఊరూరా తిరిగే నాటక సమాజంలో పెరిగారు. యారొస్లావ్ హాషెక్ నవల ఆధారంగా 1956, 57లలో తీసిన రెండు సినిమాల్లో ‘ష్వెయిక్’ అనే సిపాయిగా నటించి ఇంటింటికీ పరిచయమయ్యారు. అమాయకంగా కనిపిస్తూనే పై అధికారులను ముప్పుతిప్పలు పెట్టే పాత్ర అది. 1960లో ప్రాగ్‌లోని నేషనల్ థియేటర్‌లో చేరారు.

1968లో ఆ దేశంలో స్వేచ్ఛాగాలి వీచింది. దాన్నే ‘ప్రాగ్ వసంతం’ అంటారు. సంస్కరణలు ఆగకూడదని కోరుతూ లుద్విక్ వత్సులిక్ అనే రచయిత రాసిన ‘రెండు వేల మాటలు’ అనే ప్రకటన జూన్ 27న పత్రికల్లో వచ్చింది. ఒలింపిక్ పరుగు వీరుడు ఎమిల్ జాటొపెక్‌తో పాటు హ్రుషిన్‌స్కీ కూడా దాని మీద సంతకం చేశారు. రెండు నెలలు తిరగకముందే, ఆగస్టులో, సోవియట్ నాయకత్వంలోని సైన్యాలు దేశంలోకి వచ్చాయి.

మరుసటి ఏడాది ఆయన నటించిన ‘శవదహనకుడు’ విడుదలైంది. దర్శకుడు యురాయ్ హెర్జ్. ఎంతో మెత్తగా మాట్లాడే దహనవాటిక ఉద్యోగి నాజీల మాటలకు లొంగి, చివరికి కట్టుకున్న భార్యనూ కన్నకొడుకునూ చంపే కథ. ఈ సినిమా చూసిన రాత్రి మాలో ఎవరికీ సరిగా నిద్ర పట్టలేదు. అధికారానికి తలవంచిన మామూలు మనిషి ఎంతకు దిగజారుతాడో ఆయన చూపించారు. ప్రభుత్వం ఆ సినిమాను పెట్టెలో పెట్టి తాళం వేసింది. 1989 తర్వాత గానీ అది మళ్లీ వెలుగు చూడలేదు.

తెర మీద తలవంచిన ఆ మనిషి, బయట మాత్రం తలవంచలేదు. సంతకం చేసినవారిని తప్పయిందని ఒప్పుకోమన్నారు. ఆయన ఒప్పుకోలేదు. దాంతో కొన్నేళ్లపాటు సినిమా, టెలివిజన్ రెండూ మూసుకుపోయాయి. నాటకరంగం ఒక్కటే మిగిలింది.

తర్వాత మెల్లగా అవకాశాలు తిరిగొచ్చాయి. 1978లో ‘అడేలా ఇంకా భోంచేయలేదు’ అనే హాస్యచిత్రంలో ప్రాగ్ పోలీసు అధికారిగా నవ్వించారు. 1985లో యిరీ మెంజెల్ తీసిన ‘నా చిన్నారి పల్లె’లో ఊరి డాక్టరుగా మెప్పించారు. ఆ చిత్రం ఆస్కార్ పోటీలో నిలిచింది. ప్రభుత్వం మారాక 1990లో ఫెడరల్ పార్లమెంటుకు ఎన్నికయ్యారు. 1994 ఏప్రిల్ 13న కన్నుమూశారు.

మిత్రులారా! మెస్ గురించి అర్జీ రాస్తే ముందు ఎవరు సంతకం పెడతారా అని ఒకరి ముఖం ఒకరు చూసుకున్న రోజులు మనకూ ఉన్నాయి. సంతకం పెట్టడానికి ఒక్క నిమిషం చాలు. దాని మీద నిలబడటానికి ఏళ్లు పడుతుంది. హ్రుషిన్‌స్కీ జీవితం నుంచి మేము నేర్చుకున్నది ఇదే.