ముందు రోజే రైలెక్కిన రీలు

పదమూడు నిమిషాల మూగ చిత్రం. కథ లేదు, నటులు లేరు. అమెరికాలోని శాన్‌ఫ్రాన్సిస్కో నగరం, మార్కెట్ వీధి. కేబుల్ ట్రాము ముందు భాగాన కెమెరా బిగించి, పిడి తిప్పుతూ ఆ వీధి పొడవునా సినిమా తీశారు మైల్స్ సోదరులు. గుర్రబ్బండ్లు, మోటారు కార్లు, పట్టాలకు అడ్డంపడి పరుగెత్తే కుర్రాళ్ళు, ఎదురుగా రేవు దగ్గర ఫెర్రీ భవనం గడియార స్తంభం. అంతే!

ఈ రీలును న్యూయార్క్ రైలెక్కించింది 1906 ఏప్రిల్ 17న. మర్నాడు తెల్లవారుజామున 5 గంటల 12 నిమిషాలకు భూమి కంపించింది. నీటి గొట్టాలు పగిలిపోవడంతో మంటలార్పే దారి లేక నగరం మూడు రోజులకు పైగా తగలబడింది. సుమారు 28 వేల భవనాలు నాశనమయ్యాయి. నాలుగు లక్షల జనాభాలో సగం మందికి పైగా నిరాశ్రయులయ్యారు. మృతులు మూడు వేలకు పైనేనని నేటి అంచనా. అదే వీధిలో ఉన్న మైల్స్ వారి స్టూడియో కూడా బూడిదైంది. రీలు అక్కడే ఉంటే దాని గతీ అంతే.

సోదరులు మళ్ళీ కెమెరా పట్టి అదే వీధిని చిత్రించారు. ఈసారి రెండు వైపులా మొండిగోడలు, ఇటుకల గుట్టలు. గడియార స్తంభం మాత్రం నిలిచే ఉంది.

అలాగని ఆనాటి సినిమావాళ్ళందరినీ నమ్మేయకూడదు. బయోగ్రాఫ్ కంపెనీ బొమ్మ నగరాన్ని కట్టి, తగలబెట్టి, ఇదే శాన్‌ఫ్రాన్సిస్కో అగ్నిప్రమాదమని చూపింది. మైల్స్ వారూ తక్కువ తినలేదు. వీధి సందడిగా కనబడాలని కాబోలు, ఒకే కారు కెమెరా ముందు పదే పదే చక్కర్లు కొడుతుంది!

ఆ మొదటి చిత్రం 1905 సెప్టెంబరు నాటిదని చాలాకాలం అనుకున్నారు. చరిత్రకారుడు డేవిడ్ కీన్‌కు అనుమానమొచ్చింది. వీధిలో నీళ్ళు నిలిచి ఉన్నాయి. వర్షపు లెక్కలు తిరగేస్తే ఆ సెప్టెంబరుకు పొసగలేదు. ఒక కారు నంబరు వెతికితే అది 1906 మొదట్లో రిజిస్టరైన బండి. అంటే తెర మీద నవ్వుతూ పోతున్న ఆ జనం నెత్తిన ప్రళయం విరుచుకుపడటానికి వ్యవధి కొద్ది రోజులే. వారిలో ఎందరు మిగిలారో!

భూకంపం తర్వాత తీసిన రీళ్ళలో ఒకటి, తొమ్మిది నిమిషాలది, శాన్‌ఫ్రాన్సిస్కోలోనే పాత సామాన్ల సంతలో బయటపడింది. దాన్ని బాగుచేసి 2018 ఏప్రిల్‌లో ప్రదర్శించారు. బాగుచేసినవాడూ కీన్‌గారే.