పట్నం నీళ్ళ కథ



మా గార్ల వైపు హైదరాబాదును పేరు పెట్టి పిలిచేవారు తక్కువ. 'పట్నం' అంటే చాలు. పట్నం వెళ్ళి రైలు దిగినవాళ్ళు చార్మినారు, లాడ్‌బజారు గాజులు, డబుల్‌డెక్కర్ బస్సు అంటూ కథలు చెప్పేవారు. నీళ్ళ ఊసు ఎవరూ ఎత్తేవారు కాదు. బిందెలు నింపుకునేది మనమే కనుక ఈ పూట ఆ కథ చెప్పుకుందాం.

కులీ కుతుబ్ షా 1591లో చార్మినారు కట్టించడానికి ముందే, 1562లో హుస్సేన్‌సాగర్, 1578లో మూసీ మీద పురానాపూల్ వచ్చేశాయి. చెరువు, వంతెన ముందు, పట్నం తర్వాత!

ఆ మూసీయే 1908 సెప్టెంబరు 28న పట్నాన్ని ముంచేసింది. వేలమంది కొట్టుకుపోయారు. అఫ్జల్‌గంజ్ దగ్గర ఒక చింతచెట్టెక్కి నూటయాభైమంది దాకా బతికారని చెబుతారు. ఆ చెట్టు ఉస్మానియా ఆసుపత్రి ఆవరణలో ఇంకా ఉంది. ఈసారి అటు వెళ్తే ఒక్క నిమిషం ఆగి చూడండి.

మరుసటి ఏడు నిజాం ప్రభుత్వం మోక్షగుండం విశ్వేశ్వరయ్యగారిని పిలిపించింది. ఆయన సలహా మన వంటింటి సలహాలాంటిదే. పాలు పొంగబోతుంటే ఏం చేస్తాం? పెద్ద గిన్నెలోకి వంచుతాం. అలాగే వరదను ఊరికి ఎగువనే పట్టి ఆపి, మెల్లమెల్లగా వదలాలన్నారు. 1920లో మూసీ మీద ఉస్మాన్‌సాగర్, 1927లో ఈసా వాగు మీద హిమాయత్‌సాగర్ పూర్తయ్యాయి. ఉస్మాన్‌సాగరే మన గండిపేట. వరద ఆపడానికి కట్టిన చెరువులు ఇంటింటికీ మంచినీళ్ళూ ఇచ్చాయి. గండిపేట నీళ్ళు తాగినవాళ్ళు పట్నం వదలరని సామెతే పుట్టింది. ఎండాకాలంలో కుళాయి దగ్గర నిలబడ్డవాళ్ళు ఆ సామెత విని ఏమనేవారో గానీ!

ఇప్పుడు పట్నం ఎక్కువగా తాగేది వంద కిలోమీటర్లకు పైనుంచి వచ్చే కృష్ణా, గోదావరి నీళ్ళు. దూరపు నీళ్ళు కుళాయిలోకి వచ్చేసరికి దగ్గరి చెరువులు చులకనైపోయాయి. చిన్న కుంటలు ఎన్నో పూడిపోయి కాలనీలయ్యాయి. జంట జలాశయాల చుట్టూ పది కిలోమీటర్ల మేర కట్టడాలను అదుపు చేస్తూ 1996లో 111 నంబరు జీవో వచ్చింది. 2022లో ఆ ఆంక్షలు ఎత్తేశారు. నాకైతే అది సబబుగా తోచలేదు. అంతకు రెండేళ్ళ ముందే, 2020 అక్టోబరు వానల్లో, కాలనీల్లో పడవలు తిరిగాయి కదా!

ఇల్లు కొనేటప్పుడు తూర్పు ముఖమా, ఉత్తర ముఖమా అని మనం గుచ్చిగుచ్చి అడుగుతాం. ఆ జాగా ఒకప్పుడు చెరువు శిఖమా అని కూడా అడగండి. అమ్మేవాణ్ణి కాదు, ఆ వీధిలో పాతకాపు ఎవరైనా ముసలమ్మ ఉంటే ఆమెను.