త్రిశంకుని యాకాశమునకు యంత్రము

విశ్వామిత్రుడు త్రిశంకుని కొఱకు దక్షిణదిక్కున వేఱొక సప్తర్షిమండలమును, నూతన నక్షత్రములను సృజించెనని రామాయణ బాలకాండమున మనమందఱము చదివినదే. ఆ కథను మేము బాల్యమున మా తండ్రిగారి యొద్ద చదువుకొంటిమి. పిదప మా పిల్లలకు జెప్పితిమి. కాని యా నక్షత్రము లెక్కడ నున్నవి, ఎట్లు తిరుగునను సందేహము మాకెన్నడును పుట్టలేదు. పండ్రెండేండ్ల మా అమ్మాయికి బుట్టినది.

ఒకనాడామె చీరల అట్టపెట్టె మూతను గుండ్రముగా కత్తిరించి, దానిపై వలయములు గీసి, నడుమ గుండుసూది గ్రుచ్చి యుంచినది. మేము ఇల్లు సర్దుచు, దానిని చెత్త యనుకొని చించి పాఱవైచితిమి. సాయంకాలము పిల్ల వెదకి వెదకి, సంగతి తెలిసికొని, ఒక్క మాటయు ననలేదు. "ఆడపిల్లకు ఆ గీతలూ లెక్కలూ ఎందుకే?" అని మా అత్తగారనగా మేమును ఊరకుంటిమి. ఆ యూరకుండుట మేము చేసిన రెండవ తప్పు. నాలుగు దినములామె మమ్మే ప్రశ్నయు నడుగలేదు. ప్రశ్నలడుగు పిల్ల మౌనము వహించిన యిల్లు ఎట్లుండునో తల్లులకు వేఱుగ చెప్పనక్కఱలేదు. ఐదవనాడు మేమే క్రొత్త యట్టను, కత్తెరను దెచ్చి ఆమె ముందుంచి, మాకును నేర్పుమని యడిగితిమి.

ఆమె చేయబూనిన దానికి మూలమేదియో మా యింటివారు వివరించిరి. పూర్వము నక్షత్రముల యెత్తును బట్టి రాత్రివేళ కాలము నెఱుగుటకు ఆస్ట్రోలేబు అను ఇత్తడి పరికరముండెడిది. 1370లో మహేంద్రసూరి యను జైనపండితుడు, ఢిల్లీ సుల్తాను ఫిరోజ్ షా తుగ్లకు ఆదరమున, దానిని గూర్చి సంస్కృతమున 'యంత్రరాజ' మను గ్రంథమును రచించెను. ఆ యంత్రమున క్రింది పలకపై ఎత్తును తెలుపు వలయములు చెక్కబడి యుండును. దానిపై వలవలె కత్తిరించిన యొక రేకు తిరుగును. ఆ రేకునకున్న ముండ్ల మొనలే నక్షత్రములు. వెనుక నున్న చూపుకమ్మితో నొక తార యెత్తును కొలిచి, ఆ తార మొన అంతే యెత్తు గల వలయమును తాకువఱకు రేకును త్రిప్పినచో, ఆ క్షణమున ఆకాశమెట్లున్నదో మన చేతిలోనికి వచ్చును. ఊరు మాఱినచో పలకను మార్చవలెను; ఏలన, ధ్రువనక్షత్రపు టెత్తు ఇంచుమించుగ ఊరి అక్షాంశమునకు సమానము. హైదరాబాదున నది సుమారు 17 డిగ్రీలు. ఢిల్లీలో 28కి పైగా నుండును.

మఱి త్రిశంకుని యూరేది? "ఆయన తలక్రిందుగా ఉన్నాడు కదమ్మా! దక్షిణ ధ్రువము సరిగ్గా ఆయన పాదాలకు పైన ఉందనుకుందాము" అని మా అమ్మాయి తేల్చినది. ధ్రువము ఆకాశపు నడిమి శిఖరమున నుండు చోట ఏ తారయు నుదయింపదు, అస్తమింపదు. ప్రతి తారయు తన యెత్తు విడువక గుండ్రముగా తిరుగును. కావున పలకపై వలయములన్నియు, చిన్న పెద్ద గాజులను ఒకదానిలో నొకటి యుంచినట్లు, ఒకే కేంద్రము చుట్టును గీయవలెను. పైకెక్కలేక, క్రిందికి దిగలేక నిలిచిన రాజునకు ఎక్కని, దిగని తారలే తగునని మేమిద్దఱము నవ్వుకొంటిమి.

తారలు తిరుగు దిక్కును చూపుటకు మేమొక బాణపు గుర్తు నతికించితిమి. అది తప్పైనది. ఉత్తరధ్రువము వైపు చూచువారికి తారలు గడియారపు ముల్లునకు ఎదురుగా తిరుగును. దక్షిణధ్రువము వైపు చూచువారికి ముల్లు దారినే తిరుగును. "విశ్వామిత్రుల ఆకాశమైనా లెక్క లెక్కే" అని ఆమె దానిని దిద్దినది. ఊహ నక్షత్రమును ఎచ్చటనైన నాటవచ్చును. నాటిన పిదప అది ధ్రువమునుండి తన దూరమును తప్పరాదు. పద్యమున భావము కవి యిచ్చయైనను యతిప్రాసలు తప్పరానివి గదా! కావ్యములు మాత్రమే చదివిన మాకు గణితము పరాయిది కాదని ఆనాడు తోచినది.

ఈ కల్పితాకాశమునకు నిజమైన గుర్తొకటి గలదు. పాశ్చాత్యులు సదరన్ క్రాస్ అను నక్షత్రకూటమిని మనవారు త్రిశంకువందురు. మే నెల నడుమ, రాత్రి తొమ్మిది గంటల ప్రాంతమున, దక్షిణము తెఱపిగా నున్న డాబాపై నిలిచి చూడుడు. చాచిన చేతి పిడికిలి సుమారు 10 డిగ్రీలు. దిగంతముపై పిడికిలి మొదలు పిడికిలిన్నర యెత్తువఱకు నాలుగు తారల చిన్న శిలువ గానవచ్చును. బడిపిల్లల కోణమానినికి దారము కట్టి, చివర చిన్న రాయి వ్రేలాడదీసినచో ఎత్తును కొలువవచ్చును.

మేమట్లు కొలుచుచుండగా మా అత్తగారు మెల్లగ మెట్లెక్కి వచ్చిరి. "ఏదే నీ త్రిశంకుడు?" అని మనుమరాలి నడిగి, చాలసేపు చూచి, గాలికి దారము కదలుచుండగా రాతిని తమ చేత పట్టి నిలిపి, అది స్తిమితపడిన పిదప విడిచిరి. ఎందుకే యన్న మాట ఆ పిమ్మట మా యింట వినబడలేదు.

సోదరీమణులారా! పిల్లలు గీసిన కాగితమును పాఱవైచుటకు ముందు, అదేమని యొక్కమాఱు అడుగుడు.